కల్లంలా అలికిన కోర్టు

పోయిన నెల, గుంటూరులో నేను ఒకప్పుడు పనిచేసిన ఆడపిల్లల కాలేజీవాళ్లు, కొత్తగా కట్టిన ఇండోర్ స్టేడియాన్ని నా చేత తెరిపించాలని కబురుపెట్టి, కారు కూడా పంపించారు. తొంభైకి దగ్గరపడ్డ మనిషిని, మోకాళ్లు నా మాట వినడం మానేసి చాలా కాలమయింది, అయినా బాస్కెట్‌బాల్ కోర్టు అనేసరికి ఇంట్లో కూర్చోలేకపోయాను. మా తమ్ముడి మనవరాలిని తోడు తీసుకుని, ఉన్నవాటిలో మంచి మంగళగిరి చీర కట్టుకుని వెళ్లాను. వేదిక మీద శాలువా కప్పారు, పూలగుత్తి ఇచ్చారు, ఇస్తే ఇచ్చారు. ఆ తరవాత నన్ను పరిచయం చేయడానికి లేచిన కుర్ర లెక్చరరుగారు మైకులో అన్న మాటొకటి మాత్రం పంటికింద రాయిలా తగిలింది. "పాపం, ఆ రోజుల్లో వీళ్లకి కోర్టన్నది కూడా లేదండీ, మిరప కల్లంలో ఆడుకునేవాళ్లు" అన్నాడాయన. సభలో ఉన్నవాళ్లంతా అయ్యో అన్నట్టు నా వంక చూశారు. అక్కడికక్కడే మైకు లాక్కునేదాన్నే గానీ, మా మనవరాలు నా కొంగు పట్టుకుని కూర్చోబెట్టింది.

అక్కడ చెప్పనివ్వలేదు గనక ఇక్కడ రాస్తున్నాను. నా ఈడువాళ్లు ఇంకా ఎవరైనా కళ్లజోడు పెట్టుకుని చదువుతూ ఉంటే వాళ్లకి ఈ కోపం అర్థమవుతుంది. మాకు కోర్టు లేకపోవడమేమిటి? గుంటూరు జిల్లా మొత్తం మీద, అప్పటికి ఒంగోలు కూడా మా జిల్లాలోదే, అలాంటి నేల ఇంకొకటి లేదు. కల్లంలో మేం ఆడలేదు. మేం ఆడే కోర్టుని ఒకరు కల్లం చేసుకోబోయారు, మేం చేసుకోనివ్వలేదు. ఈ రెంటికీ తేడా తెలియనివాళ్లు మా మీద జాలిపడనక్కర్లేదు.

మాది పెదకాకానికి కాస్త లోపలగా ఉన్న పల్లె. నాన్న చర్చి బడిలో పంతులు. పంతులుగారంటే ఊళ్లో మర్యాదే గానీ ఆ మర్యాదతో పొయ్యి వెలగదు కాబట్టి, కోతల రోజుల్లో అమ్మా, పెద్దమ్మా మిరపచేలకి కూలికి వెళ్లేవారు, సెలవులైతే వాళ్ల వెనక నేనూ. నడవమంటే పరిగెత్తే పిల్లని. "ఒసేయ్, నీ కాళ్లకి చక్రాలున్నాయేమో, కాసేపు ఊడదీసి గట్టున పెట్టి కాయ కొయ్యవే" అని మా పెద్దమ్మ చేను ఈ చివర్నుంచి ఆ చివరకి వినపడేట్టు కేకేసేది. ఆవిడ గొంతు అలాంటిది. చర్చిలో పాట అందుకుంటే రోడ్డు మీద బండెద్దులు చెవులు రిక్కించేవి. కాయ కోయడం, కోసిన కాయ కల్లంలో పలచగా పరచడం, పొద్దున ఒకసారీ మధ్యాహ్నం ఒకసారీ తిరగేయడం, ఎండిన తరవాత తాలుకాయ ఏరడం, ఇవన్నీ నాకు ఎక్కాల కంటే ముందు వచ్చాయి. ఆ చేతులతో పొరపాటున కూడా కన్ను తుడుచుకోకూడదని, తుడుచుకోవాలంటే మోచేతి పైభాగంతోనో భుజంతోనో తుడుచుకోవాలని కూడా అప్పుడే వచ్చింది. ఈ సంగతి ముందు ముందు పనికొస్తుంది, గుర్తుంచుకోండి.

గుంటూరులో చర్చివాళ్ల హాస్టల్లో ఉండి హైస్కూలు చదివేటప్పుడు, పెరట్లో దొరసానమ్మ కట్టించిన ఇనప రింగు చూశాను. బంతి అందులో వేస్తే ఆట. ఇంత ఎత్తున ఎందుకు కట్టారమ్మా, చేతికందేట్టు కట్టొచ్చు కదా అని అడిగితే ఆవిడ నవ్వింది. అంతే, ఆ రింగే నా జీవితమైపోయింది. నాన్న ఎలా పంపారో, ఎవరి సిఫారసు పనిచేసిందో గానీ, మద్రాసులో వ్యాయామ శిక్షణ పూర్తిచేసి, యాభైల చివర్లో ఈ కాలేజీలో చేరాను. నా ఉద్యోగానికి ఇంగ్లీషులో పెద్ద పేరే ఉంది గానీ అందరికీ నేను డ్రిల్లు టీచరునే. కాలేజీ కమిటీకి పెద్ద, మేం కరస్పాండెంటుగారు అని పిలిచే ఆయన, ఇంగ్లీషు చెప్పే ఆవిడని 'మీరు, అమ్మా' అనేవాడు, నన్ను 'ఏమ్మా, నువ్వు' అనేవాడు. నేను ఎవరి కూతుర్నో, ఏ పేట నుంచి వచ్చానో ఆయనకి తెలుసు, తెలుసని నాకు తెలియాలని కూడా ఉండేది ఆయనకి. నేను మాత్రం ఆయన్ని ఎప్పుడూ 'అండీ' అనే పిలిచాను. అది భయం కాదు, మా నాన్న పెంపకం.

ఆడపిల్లలు పరిగెత్తడమే వింత ఆ రోజుల్లో. మొదట్లో లంగా మీద ఓణీ నడుముకి బిగించి ఆడేవాళ్లు. లంగా కాళ్లకి అడ్డంపడి బోర్లాపడేవాళ్లు. చీరాల నుంచి వచ్చిన అమ్మాయి ఒకతె ఉండేది, వాళ్ల నాన్న మగ్గం నేసేవాడు. మా అవస్థ కూతురి నోట విని ఆయన నేరేడుపండు రంగులో దిట్టమైన గుడ్డ తాను నేసి పంపాడు. దాంతో వదులు పైజామాలు, పొడుగు చొక్కాలు కుట్టించాం. పైజామాల్లో ఆడపిల్లల్ని చూడటానికి ప్రహరీగోడ ఎక్కి కూర్చునే మగరాయుళ్లకి కొదవలేదు. వాళ్లని దిగమంటే దిగరని నాకు తెలుసు. అందుకని గోడ పొడుగునా ఒక కుండెడు పేడనీళ్లు చల్లించాను, అదీ రోజూ మూడింటికి, ఆరకుండా. దాంతో వాళ్ల ఆసక్తి కొంత తగ్గింది.

ఆ చీరాల అమ్మాయి బంతి గురి చూసి వేస్తే తప్పేది కాదు. దాచేపల్లి వైపు నాపరాయి గనుల దగ్గర పుట్టి పెరిగిన అమ్మాయి ఇంకొకతె, తాటిచెట్టంత పొడుగు, ఇంట్లోవాళ్లు ఈ పొడుగుకి పెళ్లి ఎలా చేస్తామా అని దిగులుపడుతుంటే నేను మాత్రం దేవుడికి దణ్ణం పెట్టుకున్నాను. మిగతావాళ్లు హాస్టలు పిల్లలు. జట్టుకి లోటు లేదు. లోటల్లా నేలది. మాకిచ్చిన స్థలం కాలేజీ వెనక నల్లరేగడి. వాన పడితే బురద, ఎండ కాస్తే పగుళ్లు. ఆ పగుళ్లలో బంతి కాదు, పిల్లల మడమలే ఇరుక్కునేవి.

మా వైపు ఆడపిల్లలు బాస్కెట్‌బాల్ ఆడే కాలేజీలు అప్పటికి రెండే, ఒకటి మాది, రెండోది కృష్ణ అవతలిది. వాళ్లకి సిమెంటు కోర్టు, కాళ్లకి కాన్వాసు బూట్లు. ఒక ఏడు వాళ్లు మా మీదికి పోటీకి వచ్చిన రోజున అకాలపు వాన పడి, మా నేల అంతా బురదై, ఆట ఆగిపోయింది. యూనివర్సిటీలో ఆటల వ్యవహారాలు చూసే పెద్దమనిషి గొడుగు కింద నిలబడి, ఉన్నవి రెండు జట్లు, దానికింత హంగామా ఎందుకమ్మా, వచ్చే ఏడు కూడా ఈ పోటీ సవ్యంగా జరక్కపోతే ఆడపిల్లల బాస్కెట్‌బాల్ తీసేసి టెన్నికాయిట్ పెట్టేస్తాం అని తేల్చి చెప్పాడు. టెన్నికాయిట్ అంటే, ఆ రబ్బరు రింగు విసురుకునే ఆటంటే, నాకు ద్వేషం లేదు. కానీ ఒకసారి తీసేసిన ఆటని మళ్లీ పెట్టరు, ఆ సంగతి ఆయనకీ తెలుసు, నాకూ తెలుసు. తడిసి ముద్దయిన పిల్లలు వరండాలో నిలబడి ఆ మాట విన్నారు.

సిమెంటు వేయించమని కమిటీని అడిగాను. గోడకి చెప్పుకున్నట్టే అయింది. అప్పుడు నాకు తట్టింది, సిమెంటు లేకపోతే పోయె, నేలని గట్టిచేయడం మా ఇంటావంటా ఉన్న పనే కదా అని. నల్లపాడు అవతల నుంచి బళ్ల మీద ఎర్రమట్టి తోలించాను. మా పెద్దమ్మ పేటలో ఆడవాళ్లని వెంటేసుకుని వచ్చింది. నేల తడిపి, తొక్కి, దిమ్మిసలతో కొట్టి, పేడ కలిపిన నీళ్లతో అలికి, ఆరిన తరవాత మళ్లీ తడిపి, మళ్లీ కొట్టి, కల్లం ఎలా చేస్తారో అచ్చం అలాగే చేశాం. పిల్లలు కూడా లంగా కుచ్చెళ్లు దోపుకుని దిమ్మిసలు పట్టారు. దాచేపల్లి అమ్మాయి దిమ్మిస ఎత్తి వేస్తే పక్క గదుల్లో అద్దాలు అదిరేవని లెక్చరర్లు ఫిర్యాదు చేశారు. బండి చక్రానికి వేసే ఇనప పట్టాని కమ్మరి చేత సాగదీయించి రింగులు చేయించాం. సున్నంతో గీతలు గీసి, మొదటిసారి బంతి కొట్టి చూస్తే ఎంత ఎత్తు నుంచి కొట్టామో అంత ఎత్తుకి లేచింది. మా పెద్దమ్మ మునివేళ్లతో నేలని నిమిరి, అన్నం పెట్టుకు తినొచ్చే దీని మీద అంది.

అదే మా కొంప మీదికి తెచ్చింది. అంత నున్నటి కల్లం చుట్టుపక్కల ఎవరికీ లేదు మరి. సంక్రాంతి వెళ్లి, పోటీ ఇంకొక వారం ఉందనగా, ఒక పొద్దున పిల్లలతో కోర్టుకి వెళ్లేసరికి అక్కడ నేల లేదు. ఈ రింగు కింది నుంచి ఆ రింగు కింది దాకా ఎర్రగా మిరపకాయలు. మొదటి కోత కాయ, చేలోనే సగం ఎండింది, ఎండ పడి నిగనిగలాడుతోంది. పక్కన గోనెసంచి పరుచుకుని ఒక కాపలావాడు. ఎవరివయ్యా ఇవి అంటే, కరస్పాండెంటుగారి తోడల్లుడివి అన్నాడు. ఆ తోడల్లుడు ఊళ్లో పేరున్న మిర్చి వ్యాపారి. ఆయన కల్లం ఆ ఏడు కొత్తగా వేసిన రోడ్డులో పోయిందట, కాలేజీ వెనక ఎవరో మంచి కల్లం చేసి ఖాళీగా ఉంచారని తెలిసి పోయించాడట. ఖాళీగా ఉంచారట! అవి బాస్కెట్‌బాల్ రింగులని కూడా ఆయనకి తట్టలేదు, కాకులు వాలకుండా ఏదో కట్టారనుకున్నాడు.

కరస్పాండెంటుగారి గదికి వెళ్లాను. ప్రిన్సిపాల్‌గారు కూడా అక్కడే ఉన్నారు. ఆవిడ మంచిది, కాకపోతే అడకత్తెరలో పోకచెక్క. ఆయన విన్నాడు, నవ్వాడు. "కాయ ఎండటానికి ఎన్నాళ్లు పడుతుందమ్మా, ఈ లోపల ఆడపిల్లలు ఆడకపోతే కొంపలేం మునిగిపోవు. ఆ పోటీ ఏదో మగపిల్లల కాలేజీలో పెట్టించుకో" అన్నాడు. మగపిల్లల కాలేజీవాళ్లు తమ కోర్టు ఇవ్వం అని అప్పటికే చెప్పేశారు, ఆ సంగతీ ఆయనకి చెప్పాను. అయితే మానుకో అన్నాడు. "మానుకోనండీ" అన్నాను. బయటికి వచ్చాక ప్రిన్సిపాల్‌గారు నా చెయ్యి పట్టుకుని, ఊరందరిదీ ఒక దారి, ఉలిపికట్టెది ఒక దారి అన్నట్టు ఎందుకమ్మాయ్ నీకు, ఉద్యోగం చూసుకో అన్నారు. ఉద్యోగం ఏం చూసుకోను, ఉద్యోగం చేసే నేల మీదే కదా ఆయన కాయ పోశాడు.

నా పద్ధతి నాకు తెలుసు. కాయని కాలితో తన్నడం, కుప్పపోసి కుళ్లబెట్టడం మా వంశంలో లేదు. ఆ కాయ కోసిన చేతులు ఎవరివో నాకు తెలుసు, ఆ చేతుల్లో మా పెద్దమ్మవి కూడా ఉండి ఉండొచ్చు. పిల్లల్ని పిలిచి గోనెపట్టాలు తెమ్మన్నాను. ఒక్క కాయ చిట్లకుండా ఎత్తమని, చేతులు కళ్ల దగ్గరికి పోనీయవద్దని చెప్పాను. కాపలావాడు అడ్డం రాబోతే దాచేపల్లి అమ్మాయి వాడి ముందుకొచ్చి నిలబడింది. వాడు తలెత్తి చూసి, మళ్లీ గోనెసంచి మీద కూర్చున్నాడు. ఎత్తిన కాయనంతా తీసుకెళ్లి కాలేజీ ముందు వరండాలో, కరస్పాండెంటుగారి గది గుమ్మం దగ్గర మొదలుపెట్టి, కమిటీ హాలు మీదుగా ఆఫీసు దాకా, ఎండ తగిలేట్టు, శ్రద్ధగా, పలచగా పరిచాం. మా పెద్దమ్మ కల్లంలో పరిచినా అంత చక్కగా పరచదు.

కాసేపటికే మొదలయింది. ముందు ఆఫీసు గుమాస్తా తుమ్మాడు, తరవాత లైబ్రరీ, తరవాత లెక్కల క్లాసు. ఆ రోజు గాలి కూడా మా వైపే ఉంది. కరస్పాండెంటుగారు గది తలుపు తీసి బయటికి రావాలంటే కాయ తొక్కాలి, తొక్కితే ఘాటు లేస్తుంది, లేస్తే తుమ్ము. తలుపు మూసుకుంటే ఉక్క. గుమ్మంలో నిలబడి ఏమిటిదంతా అని అడగబోయి మధ్యలో తుమ్మాడు. నేను అవతలి ఒడ్డున నిలబడి, "కాయ ఎండటానికి ఎన్నాళ్లు పడుతుందండీ, ఈ లోపల కమిటీ కూర్చోకపోతే కొంపలేం మునిగిపోవు" అన్నాను. లెక్కల క్లాసులో ఎవరో ఫక్కున నవ్వారు. సాయంత్రానికల్లా తోడల్లుడి బళ్లు వచ్చి కాయ ఎత్తుకుపోయాయి, ఒక్క కాయ కూడా చెడలేదని ఆయనే తరవాత ఒప్పుకున్నాడు.

ఊరు ముక్కున వేలేసుకుంది. నన్ను తీసేస్తారనుకున్నాను. తీసేయలేదు, ఎందుకంటే ఆ కథ అప్పటికే మిర్చి యార్డు దాకా పాకి, నన్ను తీసేస్తే ఆయనే నవ్వులపాలయ్యేవాడు. మేం కోర్టుని ఊడ్చి, నీళ్లు చల్లి, మళ్లీ పేడతో అలికాం. కానీ అలికిన నేలలో గింజా పొడీ కలిసిపోతే అంత తేలిగ్గా పోదు. పోటీ రోజున ఇరవై కాళ్లు ఎగిరి దూకేసరికి సన్నగా ఘాటు లేచింది. తుమ్మింది వాళ్లొక్కరే కాదు, మావాళ్లూ తుమ్మారు. చీరాల అమ్మాయి తుమ్ముతూనే బంతి వేస్తే రింగులో పడింది. తేడా ఒక్కటే, మా పిల్లలు భుజంతో కళ్లు తుడుచుకున్నారు, ఏటి అవతలి పిల్లలు నేల మీద దొర్లిన బంతి పట్టిన చేతులతో తుడుచుకున్నారు. ఇక చెప్పేదేముంది, వాళ్ల కళ్లు ఎర్రబడి, నీళ్లు కారి, నీళ్లతో కడిగితే ఇంకా మండి, ఆఖరికి మేం గెలిచాం.

గెలిచామో లేదో వాళ్ల కోచ్‌గారు యూనివర్సిటీ పెద్దమనిషి దగ్గరికి పరుగెత్తాడు, ఇది మిరపకాయల గెలుపు గానీ ఆట గెలుపు కాదని. ఆడలేక మద్దెల ఓడు అని మావాళ్లు గొణిగారు. నేను గొణగలేదు. ఎదుటి పిల్లల కళ్లు నేనూ చూశాను. యూనివర్సిటీ పెద్దమనిషి ముఖం మాత్రం వెలిగిపోయింది. వాళ్లు కాదంటున్నారు, మీరు అవునంటున్నారు, అయితే ఈ పోటీ రద్దు, ఇక్కడితో ఈ గొడవ వదిలిపోతుంది అన్నాడు. రద్దంటే జరగనట్టే లెక్క. జరగకపోతే టెన్నికాయిట్టే. మా పిల్లలు నా ముఖంలోకి చూస్తున్నారు.

"రద్దు వద్దండీ, మళ్లీ ఆడదాం. ఇక్కడ కాదు, వాళ్ల సిమెంటు కోర్టులోనే ఆడదాం" అన్నాను. వెనక నుంచి ప్రిన్సిపాల్‌గారు నా జబ్బ గిల్లారు, ఆ గిల్లుడు చాలా రోజులు కమిలి ఉంది. గెలిచిన ఆటని తిరిగిచ్చే పిచ్చిది ఎవరైనా ఉంటుందా అని ఆ రోజు అన్నారు, ఇప్పటికీ అనేవాళ్లున్నారు. ఉంటుంది, నేనున్నాను. మా గెలుపుకి మిరపకాయ సాక్ష్యం నాకక్కర్లేదు. పెద్దమనిషి ఇక కాదనలేక ఆ పై శనివారానికి ఒప్పుకున్నాడు.

సిమెంటు మీద మావాళ్లు ఎప్పుడూ ఆడలేదు. ఆడే చోటూ లేదు. నల్లపాడు స్టేషన్ మాస్టరుగారి అమ్మాయి మా కాలేజీలోనే చదివేది. వాళ్ల నాన్నని బతిమాలి, రైళ్లు లేని సమయాల్లో ప్లాట్‌ఫారం రాళ్ల మీద బంతి కొట్టించాను. గూడ్సు బండి వస్తే పక్కకి తప్పుకునేవాళ్లం, పెట్టెల్లో పత్తి బేళ్ల మీద కూర్చున్న కూలీలు ఈలలు వేసేవాళ్లు, బండి పోతే మళ్లీ మొదలు. బంతి పట్టాల మీద పడితే తీసుకురావడం పోర్టరు వంతు. ఆ ముసలాయన మొదటి రోజు తిట్టుకున్నాడు, మూడో రోజుకి పొడుగమ్మాయికి సలహాలివ్వడం మొదలుపెట్టాడు. బూట్లు లేవు, ఉత్తకాళ్లు రాయి మీద బొబ్బలెక్కాయి. మా పెద్దమ్మ వచ్చి చూసి, నన్ను నాలుగు తిట్టి, కోతలకి పోయే ఆడవాళ్లు చేసినట్టు, పిల్లల అరికాళ్లకి గోరింటాకు మందంగా పట్టించింది. శనివారం నాడు ఏటి అవతల రైలు దిగితే ఆ ఎర్రటి పాదాలు చూసి, పెళ్లికొచ్చారా పోటీకొచ్చారా అని అక్కడి పిల్లలు నవ్వారు. నవ్వనీ అన్నాను.

ఆ కోర్టు చుట్టూ ఇసుక వేస్తే రాలనంత జనం. మిరపకాయల సంగతి పాకి, ఆ పిల్లలెవరో చూద్దామని ఊరు ఊరంతా వచ్చినట్టుంది. గోడల మీద, మేడల మీద, సైకిళ్ల మీద నిలబడి చూస్తున్నారు. ఘాటు లేదు, తుమ్ము లేదు, ఎవరి కళ్లూ ఎర్రబడలేదు. ఆఖరి దాకా సమంగా నడిచింది ఆట. చివర్లో చీరాల అమ్మాయి వేసిన బంతి రింగు చుట్టూ తిరిగి, తిరిగి, బయటికి పడింది. ఆ ఒక్క బంతితో ఓడిపోయాం.

ఓడిపోయాం, దాచుకునేదేమీ లేదు. వాళ్ల కోచ్‌గారు వచ్చి చేతులు జోడించాడు, నేనూ జోడించాను. కానీ ఆ మైదానంలో జనం లేచి నిలబడి రెండు జట్లకీ చప్పట్లు కొడుతుంటే, యూనివర్సిటీ పెద్దమనిషి చుట్టూ చూసుకుని, ఇన్ని కళ్ల ముందు ఈ ఆట ఎవరికీ అక్కర్లేదని చెప్పలేకపోయాడు. తెనాలి నుంచీ ఒంగోలు నుంచీ చూడటానికి వచ్చిన కాలేజీలవాళ్లు ఆయన్ని అక్కడే పట్టుకుని, మా పిల్లలకీ నేర్పించమని అడిగారు. ఆట నిలిచింది. తిరుగు రైల్లో చీరాల అమ్మాయి కిటికీకి తల ఆనించి ఏడుస్తూనే ఉంది. నీ బంతి బయటపడింది గానీ ఆట లోపలే ఉంది, ఊరుకో అన్నాను. మరుసటి ఏడు అదే సిమెంటు మీద, అదే రింగులో వేసి గెలిపించింది. ఓడి తిరిగొచ్చినప్పుడు మన కాలేజీ పరువు పోయిందమ్మా అని కరస్పాండెంటుగారు అంటే, పరువు కాయ ఎండబోసిన రోజునే పోయిందండీ, ఇది ఆట అని చెప్పాను.

అరవైల్లో నన్ను యూనివర్సిటీ క్రీడల కమిటీలోకి తీసుకున్నారు, ఆ గదిలో ఆడమనిషిని నేనొక్కదాన్నే. తరవాత ఆటల విభాగంలో ఉద్యోగమే ఇచ్చారు. నన్ను గొడుగు కింద నిలబడి బెదిరించిన పెద్దమనిషి కుర్చీ పక్కన నాకొక కుర్చీ పడింది. కుర్చీలో కూర్చోవడం నాకు చేతకాలేదు మొదట. చేతులు బంతి కోసం వెతుక్కునేవి. కానీ కోర్టు పక్కన అరిస్తే ఒక జట్టు బాగుపడుతుంది, ఆ గదిలో అరిస్తే జిల్లాలు బాగుపడతాయని మెల్లగా తెలిసింది, అరిచాను. పోటీలకి వెళ్లే ఆడపిల్లల వెంట ఆడమనిషిని పంపాలని అరిచాను, వాళ్లు దిగే చోట తలుపులకి గడియలు ఉండాలని అరిచాను. అన్నింటికంటే ముందు, ఆడపిల్లల కోసం చేసిన కోర్టులో కాయ గానీ పత్తి గానీ పెళ్లిపందిరి గానీ వేయకూడదని రూలు పెట్టించాను. దీనికి కూడా రూలేమిటండీ అని మగవాళ్లు నవ్వారు. మీ కోర్టులో ఎవరూ పోయలేదు కాబట్టి నవ్వొస్తోంది అన్నాను. రూలు పాసయింది.

ఇదీ మా 'పాపం' కథ.

ఆ రోజు సభ అయ్యాక స్టేడియం తలుపు తీయడానికి వెండిపళ్లెంలో ఎర్ర రిబ్బను కట్టిన తాళంచెవి పెట్టి నా ముందుకు తెచ్చారు. తీశాను. లోపల చెక్కనేల, అద్దంలా ఉంది, నా ముఖం కనపడింది. అంత నేల మేం కలలో కూడా చూడలేదు, చూసి కళ్లు చెమర్చాయి, అబద్ధమెందుకు. నా పక్కన యూనిఫాంలో జట్టు పిల్లలు నిలబడి ఉన్నారు. ఇక్కడ రోజూ ఏ టైముకి ఆడతారమ్మా అని అడిగాను. ఒకళ్ల ముఖం ఒకళ్లు చూసుకున్నారు. "ఇక్కడ ఆడనివ్వరండీ, పోటీలప్పుడే తీస్తామన్నారు. మేం బయట రోడ్డు మీద ప్రాక్టీసు చేస్తాం" అంది జట్టు కెప్టెను, పొన్నూరు వైపు అమ్మాయి. మిగతా రోజుల్లోనో అంటే, ఒక మూలకి చూపించింది. అక్కడ గోడ పొడుగునా ప్లాస్టిక్ కుర్చీలు దొంతరలుగా పేర్చి ఉన్నాయి, ఫంక్షన్లకి అద్దెకిస్తారట. చెక్కనేల పాడవకుండా తివాచీ పరిచి మరీ ఇస్తారట.

మారనిదేమిటో ఆ కుర్చీలు చూస్తే తెలిసింది. మారిందేమిటో ఆ పిల్లల్ని చూస్తే తెలిసింది. మా కాలంలో ఇలాంటి నేల లేదు, ఉన్న నేల మాదని అనుకోవడం మాత్రం ఉంది, ఎందుకంటే దాన్ని మేమే తొక్కాం, మేమే కొట్టాం, మేమే అలికాం. ఈ పిల్లలకి అద్దంలాంటి నేల ఇచ్చారు, కానీ దాని మీద కాలుపెట్టే ముందు ఎవరినో అడగాలన్న భయం కూడా దాంతోపాటే ఇచ్చారు. ఎవరైనా అడ్డం నిలబడితే ఎదురు నిలబడటం వాళ్లకి ఎవరూ నేర్పలేదు. నా ఈడు ఆడవాళ్లం మనం నేర్పకుండానే ముసలివాళ్లమైపోయామేమో అనిపించింది. మా పెద్దమ్మ ఉండి ఉంటే ఈ పాటికి కేకలు వేసేది.

తాళంచెవి పళ్లెంలో తిరిగి పెట్టలేదు. కారెక్కే ముందు ఆ పొన్నూరు పిల్ల అరచేతిలో పెట్టి, వేళ్లు మూసి, ఇక అడగక్కర్లేదమ్మా అని చెప్పాను. వారం నుంచీ కాలేజీ ఆఫీసు నుంచి ఫోన్లు వస్తున్నాయి, ఆ తాళంచెవి మీ దగ్గర ఉండిపోయిందేమో చూడండి మేడమ్ అని. నిన్న ఆ కుర్ర లెక్చరరుగారే చేశాడు. సాయంత్రం అయిదింటికి కోర్టుకి వెళ్లి చూడు నాయనా, ఎవరి చేతిలో బంతి ఉంటే వాళ్ల దగ్గరే తాళంచెవి ఉంటుంది అని చెప్పి పెట్టేశాను.